రాత్రికి రాత్రి మారిన ఆట
మారుతూ పోయేది అదేనా, వేరా అన్న బౌద్ధుల ప్రశ్న ఇంట్లోని ప్లేస్టేషన్‌కూ వర్తిస్తుంది.

రెస్ట్ మోడ్‌లో పెట్టి పడుకుంటే అది తనంతట తానే అప్‌డేట్లు దించుకుంటుంది. 2020 డిసెంబరులో వచ్చిన సైబర్‌పంక్ 2077 అనే ఆటలో నైపుణ్యాల పద్ధతిని, పోలీసుల తీరును 2023 సెప్టెంబరు నాటి 2.0 అప్‌డేట్ పూర్తిగా మార్చేసింది. పేరు మాత్రం అదే.

రాత్రంతా వెలిగే దీపజ్వాల అదీ కాదు, వేరూ కాదని బౌద్ధ భిక్షువు నాగసేనుడు మిళింద రాజుకు వివరించాడు. ఆ జవాబు ఇక్కడ చాలదు. జ్వాల తనంతట మారుతుంది. ఆటను మార్చేది ఎక్కడో ఉన్న సంస్థ. లోపాలు దిద్దడం మంచిదే, కానీ ఆడేవాడి సమ్మతి కావాలి. సెట్టింగ్స్‌లో ఆటో అప్‌డేట్ ఆపితే ఆ నిర్ణయం అతని చేతికొస్తుంది. ఆన్‌లైన్ ఆటలకు మాత్రం కొత్త వెర్షన్ తప్పదు.