కుక్క మెడపట్టెడ – ఇంటి మఱుగు

ప్రేమించిన ప్రాణి యెక్కడ నున్నదో యెఱుగ గోరుట తప్పు కాదు. బిడ్డ బడినుండి వచ్చుట యాలస్యమైనచో తల్లి గుమ్మమున నిలుచుండును. సాయంకాలమున మందలో దూడ కానరాకున్న రైతు లాంతరు చేతబట్టి పొలిమేర దాక పోవును. ఈ యాదుర్దాలో దోషము లేదు. అయితే యెఱుగుట వేఱు, ఎల్లప్పుడును చూచుచుండుట వేఱు. ఈ రెంటికి నడుమ నున్న గీటును నేనొక కుక్క మూలమున దెలిసికొంటిని. ఆ తెలివికి మూల్యము చెల్లించినది మాత్రము నేను కాను, మఱియొకతె. అందుచేతనే యీ నాలుగు మాటలు వ్రాయుచున్నాను.

మాది హనుమకొండ. మా యింట జిమ్మీ యను కుక్క గలదు. రెండేండ్ల క్రిందట దీపావళి రాత్రి టపాకాయల మ్రోతకు బెదరి యది గోడ దూకి పోయెను. రెండు దినములు భద్రకాళి చెరువు కట్టయు, నక్కలగుట్ట సందులును తిరిగితిమి. మూడవనాడు కాజీపేట రైలుస్టేషను చెంత నొక టీ కొట్టువాడు దానికి రొట్టెముక్కలు పెట్టుచుండగా గంటిమి. ఇంటిల్లిపాదికిని నిద్ర లేని యా రెండు రాత్రుల తరువాత మా యబ్బాయి యొక పట్టెడను తెప్పించి దాని మెడకు గట్టెను. బెల్టు వలెనే యుండును గాని, లోపల నగ్గిపెట్టె కన్న చిన్నదైన యంత్రమొకటి యుండును. నాటినుండి మా యింటిలో నైదుగురి ఫోనులలోను జిమ్మీ యొక చుక్కయై వెలుగుచుండెను.

ఈ యంత్రము పనిచేయు విధమును గృహస్థులు కొంచెము తెలిసికొనుట మంచిది. ఆకాశమున దిరుగు ఉపగ్రహముల సంకేతములను పట్టెడ యందుకొని, యవి తన్ను చేరుటకు బట్టిన కాలమునుబట్టి తానున్న చోటును లెక్కగట్టుకొనును. దీనినే జీపీఎస్ అందురు. ఇంతవరకు రహస్యమేమియు బయట పడదు. ఉపగ్రహము మనలను చూడదు, పట్టెడయే దానిని వినును. చిక్కంతయు తరువాతి మెట్టున నున్నది. పట్టెడలోని సిమ్ కార్డు ఆ చోటును సెల్ టవరుల మీదుగా పట్టెడ నమ్మిన సంస్థవారి కంప్యూటరునకు బంపును. అక్కడ నది తారీకుతోను, గంటతోను, నిమిషముతోను జమ యగును. అక్కడినుండియే మన ఫోనులోని యాపునకు వచ్చును. అనగా మన కుక్క మన పెరటిలో నున్నదని మనకు దెలియుటకు ముందే యా సంగతి పరుల పద్దు పుస్తకమున నెక్కుచున్నది.

బ్లూటూత్ బిళ్ళల రీతి వేఱు. వానికి దామున్న చోటు దమకు దెలియదు. దారిన బోవువారి ఫోనులు వానిని పసిగట్టి వార్త నందించును. ఆపిల్ సంస్థవారు 2021లో వెలువరించిన ఎయిర్‌ట్యాగు ఈ జాతిది. అది వస్తువులను వెదకుకొనుటకే గాని జంతువులకు గట్టుటకు గాదని వారే చెప్పినను, జనులు పిల్లుల మెడలకును కుక్కల మెడలకును గట్టుచునే యున్నారు.

ఇప్పుడొక ప్రశ్న. ఆ పటముమీద నడచు చుక్క యెవరిది? కుక్కదే యని మనము చెప్పుదుము. కాని యింటి కుక్క యొంటరిగా దిరుగదు. పట్టెడ దాని మెడలో నున్నను గొలుసు రెండవ కొన మనుష్యుని చేతిలో నున్నది. ఒక నెల దినముల జాడలను ముందు బెట్టుకొన్నచో, ఆ యిల్లెక్కడ నున్నదో, ఇంటివా రెప్పుడు లేతురో, ఏ దారిని నడుతురో, ఏ గుమ్మమున నాగుదురో, ఏ దినములలో కుక్కను మఱియొకరి యింట విడిచి యిల్లు తాళము వేసి యూరికి బోయిరో, అన్నియు దెలిసిపోవును. కుక్క పేర దెఱచిన యాపు ఇంటివారందఱి దినచర్య యగుచున్నది. దినచర్య వ్రాయుటకు ఇంటివారొప్పుకొనియుండవచ్చును. గొలుసు పట్టిన ప్రతివారు నొప్పుకొనిరా?

మా యింట నేమి జరిగినదో చెప్పెదను. మాకు పనిచేసిపెట్టునామె యుదయమున నారింటికి జిమ్మీని నడిపింప దీసికొని పోవుచుండెను. ఒకనాటి రాత్రి నిద్ర పట్టక నేను యాపు దెఱచి గడచిన నెల జాడలను చూచుచుంటిని. దినము విడిచి దినము ఆ చుక్క యొకానొక సందు చివర పావుగంట నిలుచుచుండెను. లెక్కించితిని, పదునొకండు మారులు. మా జీతపు వేళలో మఱియొక యింట పని చేయుచున్నదేమో యని శంక కలిగెను. శంక యనుట కన్న, చేతిలో దీపమున్నవానికి ప్రతి మూలను వెదక బుద్ధి పుట్టుననుట నిజము.

మఱునా డుదయమున వసారాలో కాఫీ త్రాగుచు, ఇంటివారును పొరుగువా రిద్దఱును కూర్చుండియుండగా, ఫోను చూపి యామె నడిగితిని. ఆమె గొలుసు చేత బట్టుకొనియే కొంతసేపు మాటలాడలేదు. తరువాత నిట్లనెను: “ఆడ నా బిడ్డ ఉంటున్నది సారూ. మొగడు కొడుతుంటే ఇడిసిపెట్టొచ్చింది. ఆ జాగ వానికి ఎర్కగావద్దని ఎవ్వలకు జెప్పలే. ఇంత బువ్వ ఇచ్చొస్తున్న.” పొరుగువారిలో నొకరు సానుభూతితోనే “ఏ సందు?” అనిరి. ఎవరును జవాబు చెప్పవలసిన పని లేకపోయెను. నా చేతిలోని పటము తెఱచియే యుండెను.

వారము తిరుగక ముందే యా బిడ్డ ఆ గది విడిచి వేఱొక చోటికి బోయెను. భర్త వచ్చెనని కాదు. వచ్చునేమో యను భయమే చాలినది. తల్లియు మా పని మానుకొనెను. నేను వెళ్ళి క్షమించుమని వేడికొంటిని. ఇక నట్లు చూడనంటిని. ఆమె కోపగింపలేదు. “మీరు మంచోల్లే సారూ. గని ఆ ఫోన్ల ఏమున్నదో, ఎవ్వలెవ్వలు సూస్తరో నాకేం ఎర్క?” అనెను. దీనికి నా కడ నుత్తరము లేదు. నిజమునకు నాకును దెలియదు.

నన్నయ భారతమున నాదిపర్వారంభమందే సరమోపాఖ్యానము గలదు. తప్పు చేయని తన బిడ్డను జనమేజయుని తమ్ములు కొట్టిరని దేవశుని యైన సరమ రాజు నెదుట నిలిచి యడిగెను. అక్కడ కుక్క తన బిడ్డకై మనుష్యులను నిలదీసినది. మా వసారాలో మనుష్యమాత యొకతె తన బిడ్డను గూర్చి కుక్క పట్టెడకు సంజాయిషీ చెప్పుకొనవలసి వచ్చినది.

దీనికి గొందఱు పెద్దలు సమాధానము చెప్పుదురు. కుక్క మాది, పట్టెడ మాది, జీతము మేమిచ్చుచున్నాము; పని వేళలో నెక్కడ నున్నావని యడుగు హక్కు మాకు లేదా యందురు. అడుగుటకు హక్కున్నది. కాని యడుగుట యన నేమి? నోటితో నడిగినప్పుడు, ఎదుటి మనిషి యెంత చెప్పవలెనో, ఎవరి ముందర చెప్పవలెనో తానే నిర్ణయించుకొనును. “దారిలో చుట్టపింట నాగితిని” అని యామె యనియుండిన నాకది చాలియుండును. పటము ఆ నిర్ణయమును ఆమె చేతిలోనుండి లాగికొనెను. జీతము పనిని కొనును. మనిషి మఱుగును కొనదు.

తప్పు చేయనివారికి దాపరిక మేల యని మఱికొందఱు అందురు. ఆ బిడ్డ చేసిన తప్పేమి? దెబ్బలు పడలేక వచ్చుట తప్పు కాదు. దాగుటయే యామెకున్న కవచము. బలవంతుడు దాచుకొనునది యపరాధము కావచ్చును గాని, బలహీనులు దాచుకొనునది తఱచుగా ప్రాణమే.

ఈ విషయమున మన తెలుగువాడొకడు చెప్పిన ధర్మము తలచుకొనదగినది. ఖడక్ సింగు అను నతనిని దోపిడి కేసులో బట్టి, సాక్ష్యము లేక విడిచిన పిమ్మటను ఉత్తరప్రదేశపు పోలీసులు అతని యింటిని కనిపెట్టుచు, రాత్రులు తలుపు తట్టుచు, రాకపోకలను వ్రాసికొనుచుండిరి. 1962లో సుప్రీంకోర్టున నార్గురు న్యాయమూర్తులు ఆ వ్యవహారమును విచారించిరి. రాత్రివేళ నిండ్లకు బోవుట మాత్రము చెల్లదని యధికసంఖ్యాకులు తీర్పు చెప్పి, తక్కినదానిని నిలిపిరి. రాజమహేంద్రవరమున బుట్టిన కోకా సుబ్బారావుగారు, జస్టిస్ షా గారితో గూడి, వేఱు తీర్పు వ్రాసిరి. కాళ్ళకు సంకెల లేనంత మాత్రమున నడక స్వేచ్ఛ కాదనియు, ఎల్లప్పుడును గమనించు కన్నుల క్రింద నడచువాని మనస్సు బంధింపబడియే యుండుననియు, మఱుగు వ్యక్తిస్వాతంత్ర్యమున నంతర్భాగమనియు వారి యభిప్రాయము. ఏబదియైదేండ్లకు, 2017 ఆగస్టు 24వ తేదీన, పుట్టస్వామి కేసులో తొమ్మండుగురు న్యాయమూర్తులు ఏకకంఠముగా మఱుగు ప్రాథమికహక్కని తేల్చిరి.

2023లో పార్లమెంటు డిజిటల్ వ్యక్తిగత సమాచార పరిరక్షణ చట్టమును చేసెను. 2025 నవంబరులో దాని నియమములు వెలువడినవి. సంస్థలు మన సమాచారమును దీసికొనుటకు మన యెఱుకతో గూడిన సమ్మతి కావలెనని దాని సారము. కాని యా చట్టములోనే యొక మినహాయింపు గలదు. ఒక వ్యక్తి తన సొంత పనికో, ఇంటి పనికో వాడుకొను సమాచారమునకు చట్టము వర్తింపదు. ఇది యుక్తమే, ప్రతి వంటింటిలోను సర్కారు దూరుట మేలు కాదు. అయితే దాని యర్థ మేమి? చట్టము మన గుమ్మము కడ నాగినది. లోపల కావలి మన ధర్మబుద్ధియే. మన యోరుగల్లు కోటకు రాతిగోడ యొకటి, దాని వెలుపల మట్టిగోడ యొకటి, వానికి కందకములు. కాకతీయులు ఒక్క గోడను నమ్ముకొనియుండలేదు. ఇంటి మఱుగునకును రెండు గోడలు కావలెను. వర్తకుని ఆపునది యొకటి, యజమానుని ఆపునది యొకటి.

పేర్లు తీసివేసి దాచుదుమని సంస్థలు చెప్పు మాటతో తృప్తి పడరాదు. 2017 నవంబరులో స్ట్రావా యను వ్యాయామపు యాపువారు తమ సభ్యుల పరుగుజాడల నన్నిటిని గలిపి పేర్లు లేని పటముగా ప్రకటించిరి. 2018 జనవరి నాటికి, జనసంచారము లేని యెడారులలో సైనికులు పరుగెత్తిన దారులు ఆ పటమున మెఱయుచు, శిబిరముల యాకారములను లోకమునకు చూపుచున్నవని బయటపడెను. దారియే పేరు చెప్పును. ప్రతిరాత్రియు నొకే యింట నాగు చుక్కకు వేఱే పే రెందులకు? 2024 మేలో ఆపిల్, గూగుల్ సంస్థలు రెండును గలిసి, తెలియని బ్లూటూత్ బిళ్ళ వెంబడించినచో ఫోను హెచ్చరించు నేర్పాటు చేసినవి. మంచిదే. కాని గొలుసు పట్టినామెకు పట్టెడ సంగతి చెప్పవలసినది యంత్రమా, మనమా?

అట్లయిన పట్టెడను పాఱవేయవలెనా యని యడుగుదురు. అక్కఱ లేదు. దీపావళి మఱల వచ్చును, కుక్క మఱల బెదరును. మా యింట నిప్పుడు జరుగుచున్న పద్ధతిని చెప్పెదను. మనుష్యుడు వెంట నున్నప్పుడు పట్టెడ గోడ మేకునకు వ్రేలాడును. మనిషి యుండగా యంత్రముతో పని లేదు. పండుగ రాత్రులలోను, ప్రయాణములలోను మాత్రమే దానిని కట్టుదుము. అప్పుడును, పెరటి గోడ దాటినచో గంట మ్రోగు నేర్పాటు నొక్కదానిని ఉంచుకొంటిమి. గొలుసు పట్టువారెవరైనను ముందుగా వారికి చెప్పి, ఫోనులో నేమి కనబడునో చూపుదుము. ఐదు ఫోనులు రెండైనవి. పాత జాడలను తుడిచివైచితిమి. ఖాతా మూసిన నాడు సంస్థవారి కడ నున్నవానిని గూడ తుడిచివేయుమని కోరుట మఱువరాదు. యాపు మన ఫోనులోని చిరునామాలను, మన సొంత జాడను అడిగినచో నిరాకరింపవచ్చును. కుక్కను వెదకుటకు మన చుట్టముల పట్టిక యెందులకు? కుక్క నడచిన దారిని ముచ్చటగా బొమ్మ తీసి పదిమందికి పంపుటయు మానితిమి.

ఇవి గాక, తప్పిపోయిన జంతువు ఇల్లు చేరుటకు మఱియొక సాధనము గలదు. పశువైద్యులు చర్మము క్రింద నెక్కించు మైక్రోచిప్పు బియ్యపుగింజ యంత యుండును. దానికి బ్యాటరీ లేదు. తానెక్కడ నున్నదో దానికి దెలియదు. చదువు యంత్రమును దగ్గఱ కుంచినప్పుడు నంబ రొక్కటి చెప్పి యూరకుండును. అడిగినప్పుడు మాత్రమే, కావలసినంత మాత్రమే చెప్పు ఈ మర్యాద మనుష్యులమును నేర్చుకొనదగినది.

ఆమె మరల మా యింటికి రాలేదు. రమ్మనుటకు నాకు మొగము చెల్లలేదు. జిమ్మీని నేనే నడిపించుచున్నాను. ఒక్కొక్క యుదయమున నది యా సందు మొగమున నాగి, గొలుసు బిగియబట్టి లోపలికి చూచును. నేను దానిని మఱలించుకొని వచ్చెదను. సాయంకాలమున నేనింటికి రాగానే యది నా పాదములను వాసన చూచును. నేనే గుమ్మము త్రొక్కితినో, ఎవరి చేయి పట్టుకొంటినో దానికి దెలియును. ఇంటిలోని ప్రతివారి రాకపోకలును దానికి దెలియును. ఇన్నాళ్ళనుండి యెవరితోను నొక్క మాట చెప్పలేదు.