పటము క్రింద ఎదుగు బిడ్డలు
ధ్యానభాగము: అపొ. కార్యములు 9:36–42



నవంబరు 2వ తేదీ సమీపించినప్పుడు మన కుటుంబములవారు అనేకులు సమాధులకు సున్నము వేయించి, పూలు పరచి, క్రొవ్వొత్తులు వెలిగింతురు. సంవత్సరము తిరిగినప్పుడు పాదిరిగారిని పిలిచి జ్ఞాపకార్థ కూడిక జరిపించి, బంధువులకు భోజనము పెట్టుదుము. ఇవి ప్రేమవలన కలిగిన ఆచారములు. ప్రభువునందు నిద్రించినవారికి వీటివలన కొదువ తీరవలసిన పనిలేదు. వారు ఆయన చేతిలో నున్నారు. అయితే బ్రదికియున్న మనకు వీటివలన ఏమి మిగులుచున్నది?

మన జూబిలీహిల్స్, ఫిల్మ్‌నగర్ ప్రాంతములలో జ్ఞాపకచిహ్నములకు కొదువలేదు. అక్కినేని నాగేశ్వరరావుగారు 2014 జనవరి 22న గతించిరి. కుమారునితోను మనుమనితోను కలిసి ఆయన నటించిన ‘మనం’ చిత్రము ఆ యేడే మే 23న విడుదలయ్యెను. 2023 సెప్టెంబరు 20న, శతజయంతి సంవత్సరారంభమున, అన్నపూర్ణ స్టూడియోలో ఆయన విగ్రహమును ఆవిష్కరించిరి. ఆయన నడకను, స్వరమును మునిమనుమలు సహితము ఎరుగగలరు.

అదే పరిశ్రమలో దీపములు మోసినవారు, దుస్తులు కుట్టినవారు, వంటచేసినవారు ఎందరో గతించిరి. వారికి ఇంట గోడమీద పటము మాత్రమే మిగిలినది. ఆ పటము క్రింద ఎదుగు బిడ్డకు ఎవరును ఏమియు చెప్పనియెడల, కొన్నియేండ్లకు అది పేరులేని ముఖమగును.

యొప్పేలో తబితా చనిపోయినప్పుడు విధవరాండ్రు పేతురునకు ఏమి చూపిరి? ఆమె తమతో ఉన్నప్పుడు కుట్టిన బట్టలనే చూపుచు ఏడ్చిరి. ఆమె ప్రేమ వారి చేతులకు తగులుచుండెను. ఆ మేడగదిలో పేతురు మోకాళ్లూని ప్రార్థింపగా ప్రభువు ఆమెను లేపెను. ఆ ప్రభువే మన నిరీక్షణ. గనుక మనము కన్నీళ్లు విడిచినను నిరాశపడము.

కాబట్టి ఈసారి కూడికలో పొగడ్తలు తగ్గించి, గతించినవారు చేసిన యొక మేలును బిడ్డలకు వివరముగా చెప్పుదము. యొర్దానునుండి తెచ్చిన 12 రాళ్లు బిడ్డలు అడుగుటకే నిలుపబడెను గదా (యెహోషువ 4). భోజనపు ఖర్చులో కొంత తీసి, ఒక విధవరాలి ఇంటి అద్దెకో, ఒక విద్యార్థి ఫీజుకో ఇచ్చెదము.

మరియొక మాట. ఒకే తల్లి సమాధిమీద వేరువేరుగా పూలదండలు వేసి, ఆస్తి తగవువలన పలుకరించుకొనక వెడలిపోవు అన్నదమ్ములు మన సంఘములలో లేరా? ఆ తల్లి కోరినది దండ కాదు. ఈ నవంబరులో సమాధియొద్దకు పోకమునుపు సహోదరుని గడపకు పోవుదము. అట్టి జ్ఞాపకమునకు ప్రభువు మనకు కృప దయచేయును గాక. ఆమేన్.