నాదోపాసన మోక్షమార్గమేనా? త్యాగరాజు కృతులు, జీవితం

మాటనూ పాటనూ తానే కూర్చగలవాడిని మన శాస్త్రం వాగ్గేయకారుడు అంటుంది. కర్ణాటక సంగీతంలో ఈ పేరుకు అర్హులైనవారిలో అగ్రగణ్యుడైన త్యాగరాజు (1767–1847) గురించి తెలుగులో వెలువడిన రచనల్లో ఎక్కువ భాగం ఆయన జీవితంలోని మహిమలనూ, కృతులలోని రాగ వైభవాన్నీ వర్ణించడంతో తృప్తిపడ్డాయి. ఆయన కృతులు లేవనెత్తే ఒక తాత్త్విక ప్రశ్నకు మాత్రం వాటిలో తగినంత చోటు దొరకలేదు. సంగీతం స్వయంగా ముక్తిని ఇవ్వగలిగిన సాధనమా, లేక భక్తి అనే వేరొక సాధనానికి తోడుగా నిలిచే ఉపకరణమా అన్నదే ఆ ప్రశ్న.

త్యాగరాజు రెండు కృతులను పక్కపక్కన పెట్టి చూస్తే ప్రశ్న ఎంత పదునైనదో తెలుస్తుంది. ధన్యాసి రాగంలోని కృతిలో, భక్తి లేని సంగీతజ్ఞానానికి సన్మార్గమే లేదని ఆయన తేల్చిచెప్పి, నటేశుడు, ఆంజనేయుడు, అగస్త్యుడు, మతంగుడు, నారదుడు మొదలైనవారు ఉపాసించిన విద్యగా సంగీతాన్ని స్మరిస్తారు. సారమతి రాగంలోని కృతిలోనేమో సద్భక్తితో కూడిన సంగీతజ్ఞానం లేనివారికి మోక్షం ఉంటుందా అని ప్రశ్నిస్తూ, ప్రాణమూ అగ్నీ కలవడం వల్ల ప్రణవనాదం, అంటే ఓంకారం, పుట్టి సప్తస్వరాలుగా విస్తరించిన క్రమాన్ని చరణంలో వివరిస్తారు. మొదటిది సంగీతానికి హద్దు గీస్తున్నది. రెండవది ఆ సంగీతం లేకపోతే ముక్తియే సందేహమంటున్నది. ఆందోళిక రాగంలోని మరొక కృతి ఇంకా ముందుకు వెళ్ళి, రాగమనే అమృతాన్ని తాగడమే యాగ, యోగ, త్యాగ, భోగాల ఫలమంతటినీ ఇస్తుందనీ, నాదతత్త్వం తెలిసినవారు జీవన్ముక్తులనీ, అంటే దేహం ఉండగానే బంధం వీడినవారనీ ప్రకటిస్తుంది. వీటిని వేరువేరు సందర్భాలలో పుట్టిన భావావేశాలుగా తీసిపారవేయడం తేలికే గాని, అలా చేస్తే ఆలోచనాపరుడైన త్యాగరాజుకు అన్యాయం చేసినట్లవుతుంది.

ఈ కృతుల వెనుక ఉన్న శాస్త్రవాదం చాలా పాతది. అద్వైత వేదాంతం ప్రకారం మోక్షం జ్ఞానం వల్లనే సిద్ధిస్తుంది. కర్మగాని ఉపాసనగాని చిత్తశుద్ధిని, అంటే మనస్సులోని మాలిన్యం తొలగడాన్ని, మాత్రమే కలిగిస్తాయి. క్రియ వల్ల పుట్టినది ఏదైనా ఒకనాటికి నశించవలసిందే గనుక, గొంతుతోనో వేళ్ళతోనో పుట్టించిన నాదం నిత్యమైన మోక్షాన్ని ఎలా ఇస్తుందన్న ఆక్షేపణ బలమైనదే. సంగీతశాస్త్రం దీనికి ఇచ్చిన సమాధానం సూక్ష్మమైనది. 13వ శతాబ్దంలో దేవగిరి యాదవుల ఆస్థానంలో ఉండి సంగీతరత్నాకరాన్ని రచించిన శార్ఙ్గదేవుడు నాదాన్ని అనాహతం, ఆహతం అని రెండుగా విభజించాడు. తాకిడి లేకుండా లోపల ఉండే అనాహతనాదాన్ని మునులు గురువు చూపిన దారిలో ఉపాసిస్తారు. అది ముక్తినిస్తుంది గాని లోకాన్ని రంజింపజేయదు. తాకిడి వల్ల పుట్టే ఆహతనాదం శ్రుతి, స్వర, రాగాల ద్వారా జనాన్ని రంజింపజేయడమే కాక, సంసారబంధాన్ని కూడా తెంచుతుందని అతని నిశ్చయం. ఆత్మ పలకదలచి మనస్సును ప్రేరేపిస్తే, మనస్సు దేహంలోని అగ్నిని కదిలిస్తుందనీ, ఆ అగ్ని వాయువును నడిపిస్తుందనీ, నాభి నుంచి పైకి సాగిన ఆ వాయువే నాదంగా వినిపిస్తుందనీ అతడు చెప్పిన క్రమాన్ని గమనిస్తే, గాయకుడు నాదాన్ని కొత్తగా తయారు చేయడం లేదని, ముందే ఉన్నదానిని వ్యక్తం చేస్తున్నాడని అర్థమవుతుంది. వ్యక్తమైనది పుట్టినది కాదు గనుక నశించేదీ కాదు. వేదాంతి వేసిన ఆక్షేపణ ఇక్కడ పూర్తిగా తొలగకపోయినా దాని వాడి చాలావరకు తగ్గుతుంది.

అయితే నాదం నిత్యమైనదని నిరూపించినంత మాత్రాన దానిని పాడే ప్రతివాడూ ముక్తుడు కాడు. ధన్యాసి కృతి వేసిన మెలిక ఇదే. స్వరజ్ఞానం నిండుగా ఉండి, అహంకారం అంతకంటె నిండుగా ఉన్న విద్వాంసులు త్యాగరాజు కాలంలో తంజావూరు చుట్టుపక్కల కరవు కాలేదు. ఈ మెలికను విప్పే ఆధారం కృతులలోకంటె ఆయన బతికిన తీరులో స్పష్టంగా దొరుకుతుంది.

కాకర్లవారి తెలుగు కుటుంబంలో తిరువారూరులో పుట్టి, తంజావూరు ఆస్థాన విద్వాంసుడైన శొంఠి వేంకటరమణయ్య వద్ద విద్య నేర్చిన త్యాగరాజుకు రాజాశ్రయం దూరమైనది కాదు. ఆ కాలంలో తంజావూరును ఏలిన మరాఠా ప్రభువు రెండవ శరభోజి (పాలన 1798–1832) స్వయంగా విద్యాప్రియుడు. ఆస్థానానికి రమ్మన్న పిలుపును త్యాగరాజు కాదన్నారనీ, కల్యాణి రాగంలో నిధికీ రాముని సన్నిధికీ తారతమ్యం అడిగే కృతి ఆ సందర్భంలో పుట్టిందనీ సంప్రదాయం చెబుతుంది. ఆయన తిరువయ్యారులో ఉంఛవృత్తితో, అంటే తంబురా పట్టి వీధుల వెంట నామం పాడుతూ ఇంటింటా పెట్టిన బియ్యాన్ని ఆనాటి భోజనానికి స్వీకరించే పద్ధతితో, జీవించారు. దీనిని కేవల వైరాగ్యంగా వర్ణించడం పరిపాటి అయింది. కాని ఆ పద్ధతిలో దాతకూ గాయకునికీ నడుమ ఒప్పందం ఏదీ లేదన్న విషయమే ఇక్కడ ముఖ్యం. బియ్యం పెట్టిన ఇల్లాలు పాటను కొనలేదు. పాడినవాడు ఆమెను పొగడలేదు. అలా నిత్యమైన నాదం బ్రహ్మమే అయితే దానిని మరొక ప్రయోజనానికి సాధనంగా వాడడమే అపచారం, ఆ ప్రయోజనం కనకమైనా కీర్తియైనా ఒకటే. నరస్తుతిని, అంటే ధనం కోసం మనుషులను పొగడడాన్ని, ఆయన తిరస్కరించిన కారణం ఇక్కడ ఉంది. భక్తి అన్న మాటకు ధన్యాసి కృతిలో ఉన్న బరువు కూడా ఇదే: నాదాన్ని వేరొక దానికి అమ్మకుండా నిలబెట్టగల మనఃస్థితి భక్తి. అలా చదివితే రెండు కృతుల మధ్య వైరుధ్యం మిగలదు.

దీనికి ఒక అభ్యంతరం రావచ్చు. త్యాగరాజుకు సమకాలికులైన మరి ఇద్దరు వాగ్గేయకారులు ఇంత కఠినమైన దారి పట్టలేదు. శ్యామశాస్త్రి (1762–1827) తంజావూరు బంగారు కామాక్షి ఆలయంలో వంశపారంపర్య అర్చకుడు. జీవనోపాధికి చింత లేనివాడు. ముత్తుస్వామి దీక్షితులు (1775–1835) కాశీలో చిదంబరనాథ యోగి వద్ద శ్రీవిద్యను, అంటే దేవిని మంత్ర యంత్రాలతో ఆరాధించే ఉపాసనను, అభ్యసించి, క్షేత్రాలు తిరుగుతూ కృతులు కూర్చి, చివరకు తమ్ముడు బాలుస్వామి ఆస్థాన విద్వాంసుడుగా ఉన్న ఎట్టయపురంలో దేహం చాలించారు. ఆయన ఆంగ్లేయుల బ్యాండు వరసలకు సంస్కృత సాహిత్యం అమర్చిన నొట్టుస్వరాలు నేటికీ పిల్లలకు నేర్పుతారు. పరాయి దేశపు వరసలో కూడా దేవతను నిలపగలిగిన ఆ ధైర్యం నాదబ్రహ్మ సిద్ధాంతాన్ని ఎంత గట్టిగా నమ్మితే వస్తుందో ఊహించవచ్చు. కనుక దారిద్ర్యం ఈ మార్గంలో షరతు కాదు. ఆలయవృత్తి ఉన్నా, తమ్మునికి రాజాశ్రయం ఉన్నా, వారి కృతులు దేవతకే చెందాయి గాని వేతనానికి చెందలేదు.

ఈ సిద్ధాంతానికి అసలైన పరీక్ష త్యాగరాజు అనంతరం తిరువయ్యారులోనే ఎదురైంది. దేవదాసీ కులంలో పుట్టిన బెంగళూరు నాగరత్నమ్మ (1878–1952) శిథిలమవుతున్న ఆయన సమాధి సంగతి తెలుసుకుని, గాయనిగా తాను సంపాదించిన సొత్తును వెచ్చించి 1920లలో అక్కడ ఆలయం కట్టించారు. అయినా ఏటా పుష్య బహుళ పంచమినాడు జరిగే ఆరాధనలో స్త్రీలకు పాడే అర్హత లేదని నిర్వాహకులు నిరాకరిస్తే, ఆమె స్త్రీలతో వేరుగా ఆరాధన నడిపి, 1940 ప్రాంతంలో ఆరాధన జరిపే వర్గాలన్నీ ఏకమయ్యే వరకు పట్టు విడవలేదు. ప్రతి దేహంలోనూ అదే అగ్ని, అదే ప్రాణం కలిసి నాదమవుతున్నాయని శాస్త్రం చెబుతుంటే, ఏ దేహం నుంచి వచ్చిన నాదం సమాధి ముందు పలకవచ్చునో నిర్ణయించడానికి పూనుకున్నవారు శాస్త్రాన్నీ త్యాగరాజునూ కూడా కాదన్నారు. శాస్త్రం పక్షానా, త్యాగరాజు పక్షానా నిలిచింది నాగరత్నమ్మే. పాటకు పారితోషికం పుచ్చుకుని జీవించిన ఆమె ఆ సంపాదనను నాదానికే తిరిగి అర్పించడం, ఉంఛవృత్తికి ఏమాత్రం తీసిపోని ఉపాసనగా పరిగణించదగినది.

నేటి కచేరీ వేదిక మీద టికెట్టు, పారితోషికం, పోటీ తప్పనివి. వాటి వల్లనే నాదోపాసన అసాధ్యమైపోయిందని వాదించడం నాగరత్నమ్మ జీవితం తెలిసిన తరువాత నిలవదు. కాని మరొక లోపం ఉంది, దానికి బాధ్యత తెలుగువారిదే. దీక్షితుల వంశానికి చెందిన సుబ్బరామ దీక్షితులు 1904లో ఎట్టయపురం నుంచి వెలువరించిన సంగీత సంప్రదాయ ప్రదర్శిని వంటి ఉద్గ్రంథం తెలుగులో అచ్చయింది. త్యాగరాజు కృతులలో అత్యధిక భాగం తెలుగులో ఉన్నాయి. తెలుగు మాతృభాష కాని తమిళ విద్వాంసులు తరతరాలుగా ఆ సాహిత్యాన్ని కంఠస్థం చేసి కాపాడితే, ఆ భాష పుట్టుకతో వచ్చినవారు అందులోని ఆలోచనను చదవకుండా రాగాన్ని మాత్రమే విని లేచిపోవడం తగదు. ధన్యాసి, సారమతి, ఆందోళిక రాగాలలోని ఈ మూడు కృతుల సాహిత్యాన్ని పాఠకులు ముందు కవితగా నెమ్మదిగా చదివి, ఆ తరువాత పాటగా వినాలి.