పిండికోడి కూత



యశోధర మహారాజు కథ మన పెద్దలకు క్రొత్తది కాదు. క్రీ.శ. 959లో వేములవాడ చాళుక్యుల ఏలుబడిలో సోమదేవసూరి దీనిని సంస్కృతమున యశస్తిలక చంపువుగా రచించెను. 1209లో జన్న కవి కన్నడమున చెప్పెను. తెలుగు నేలకును కన్నడ నేలకును ఉమ్మడి సొత్తైన కథ యిది.

ఉజ్జయినిలో యశోధరుని రాణి అమృతమతి. ఒక రాత్రి మావటివాని పాట విని మనసు నిచ్చినది. వాడు కురూపియని తెలిసినను మరలలేదు. ఒకవైపు భర్త, అత్త, కన్నకొడుకు. ఇంకొకవైపు ఆ పాట. ఆలస్యముగా వచ్చినందుకు వాడు కొట్టిన దెబ్బలను సైతము ఆమె ఓర్చుకొన్నదని జన్న చెప్పెను.

రాజు చాటుననుండి అంతయు చూచెను. కత్తి దూసి, మరల ఒరలో పెట్టెను. అంతవరకు మెచ్చదగినదే. కాని తెల్లవారి తల్లి చంద్రమతి, ‘నాయనా, ముఖము వాడినదేమి?’ అని అడుగగా, చెడ్డ కల వచ్చినదని బొంకెను. ఆమె భయపడి దేవికి జంతుబలి యిమ్మనెను. జీవహింస కొప్పుకొనలేక, తల్లిమాట త్రోయలేక, తుదకు పిండితో చేసిన కోడిని నరికెను. ఆ పిండికోడి కూసినది! పిమ్మట రాణి తల్లీకొడుకుల కిరువురకును విషము పెట్టెను. వారు నెమలిగా, కుక్కగా పుట్టి, జన్మజన్మలు బాధపడిరి.

వ్యాపారస్థులమైన మనకు ఈ లెక్క సులభముగా తెలియవలెను. దొంగచీటీలో సరుకు ఉండదు. మోసము మాత్రము పూర్తిగా నుండును. పిండికోడిలో ప్రాణము లేదు. చంపవలెనను సంకల్పము నిండుగా నున్నది. కర్మబంధమునకు అది చాలును.

రాణి దోషమును నేను తగ్గించి చెప్పను. విషము విషమే. కాని ఆ ఇంట రాణి తన కోరికను దాచెను, రాజు తన గాయమును దాచెను. దాచిన రెండును కలిసి ఇల్లు కూల్చినవి. మనము సంబంధము కుదుర్చునప్పుడు వరుని దుకాణమును, ఆస్తిని విచారింతుము. పిల్ల మనసు అడుగుచున్నామా? సోదరీమణులారా, మనసు చలించుట మానవసహజము. చలించిన తొలిదినముననే అమ్మతోనో అక్కతోనో చెప్పుకొనుడు. పెద్దలారా, చెప్పిన పిల్లను గద్దింపక వినుడు.

కథ తుదిలో ఆ తల్లీకొడుకులే అభయమతి, అభయరుచి అను చెల్లెలు, అన్నగా పుట్టిరి. మారిదత్త రాజు వారిని బలికి తెప్పింపగా, నిర్భయముగా తమ పూర్వకథను చెప్పిరి. విని రాజు బలి మానుకొనెను. ఆనాడు తల్లికి చెప్పని నిజము ఇన్ని జన్మల తరువాత కత్తి నాపినది.

పర్యూషణము ముగిసినంతనే దూరమున నున్న వారందరికి క్షమాపణ పత్రములు వ్రాయుదుము. ఈయేడు తొలి క్షమాపణ మన ఇంటిలోనే, ఎదురుగా కూర్చుండి చెప్పుకొందము.