పునీత మార్టిన్ గారు, మన పొలం ఎలుకలు



కోతల రోజుల్లో బల్మూర్ వైపు పొలం గట్ల మీద నడచి చూడండి. గట్టు ప్రక్కన అప్పుడే తోడిన మట్టికుప్ప ఉంటుంది. దాని క్రింద బొరియ, బొరియలో పందికొక్కు, అది దాచుకొన్న మీ వెన్నులు. ఈ పందికొక్కు మాటనే ఆంగ్లేయులు 'బాండికూట్' అని తమ నిఘంటువులోకి ఎక్కించుకొన్నారు. తెలుగువారు లోకానికిచ్చిన మాటల్లో ఇదొకటి. గొప్పగా చెప్పుకోదగినదో కాదో మీరే తేల్చుకోండి!

అప్పు తెచ్చి విత్తినవాని కోపము న్యాయమైనదే. దివ్యగ్రంథమూ ఆ బాధ ఎరుగును. ఫిలిస్తీయులు మందసమును తిరిగి పంపునపుడు, తమ దేశమును పాడుచేసిన ఎలుకల బొమ్మలు ఐదింటిని బంగారముతో చేయించి పెట్టారని సమూవేలు మొదటి గ్రంథము ఆరవ అధ్యాయము చెబుతున్నది.

అయితే ఆ కోపములో మనం ఎవరిని కొడుతున్నామో చూసుకోవాలి. తోక ఒంటికంటె పొడవుగా ఉంటే అది ఇంటి ఎలుక. మొద్దు మూతి, పొట్టి తోక, బిరుసు వెంట్రుకలు పందికొక్కువి. పొడవాటి ముక్కుతో, కంపు కొడుతూ గోడవార పరుగెత్తే చుంచు అసలు ఎలుక జాతే కాదు. అది పురుగులను, బొద్దింకలను తిని మనకు మేలే చేస్తుంది. జెర్రిపోతుకు పడగ లేదు, విషము లేదు, ఎలుకలే దాని మేత. అయినా కనబడగానే కర్ర తీస్తాము. తెల్ల ముఖపు గుడ్లగూబ చూరు మీద వాలితే అపశకునమని రాళ్లు రువ్వుతాము. జ్ఞానస్నానము పొందిన ఇంట శకునాలకేమి పని? అది రాత్రంతా జీతము లేకుండా మన పొలము కాసే కాపరి.

రక్తము గడ్డకట్టనీయని మందు తిన్న ఎలుక వెంటనే చావదు. కొన్ని రోజులు తూలుతూ తిరుగుతుంది. దానిని తిన్న గుడ్లగూబ కూడా చావవచ్చు. ఆడ పందికొక్కు మూడు వారాలు దాటగానే మళ్లీ ఈనుతుంది, గుడ్లగూబ సంతతి అంత త్వరగా పెరగదు. వచ్చే పంటకు ఎవరు మిగులుతారో లెక్క వేసుకోండి.

1579లో లీమా నగరములో పుట్టిన పునీత మార్టిన్ డి పోరెస్ గారి కథ మీలో కొందరు విన్నదే. డొమినికన్ మఠములో ఎలుకలు బట్టలు కొరుకుతుంటే, విషము పెడదామన్నారు తక్కిన సహోదరులు. మార్టిన్ గారు ఒక ఎలుకను పట్టి, మీ వారినందరినీ తీసుకొని తోటలోకి పొండి, రోజూ అన్నము నేను తెచ్చి పెడతాను అన్నారట. 1962లో జగద్గురువు 23వ జాన్ గారు ఆయనను పునీతునిగా ప్రకటించారు. కథే కావచ్చు. కాని ఒకటి గమనించండి: బట్టల పెట్టెలోనే ఉండనీయండి అని ఆయన అనలేదు. హద్దు గీశారు, ఆ హద్దు అవతల వాటి బ్రతుకు వాటికి ఇచ్చారు.

మనమూ హద్దు గీయవచ్చు. గట్లు సన్నగా ఉంచి కలుపు తీస్తే బొరియలకు చోటు తగ్గుతుంది. ధాన్యమును ఎత్తున, మూత గట్టిగా ఉన్న రేకు డబ్బాలలో ఉంచండి. చేలో అక్కడక్కడ అడ్డకర్ర కట్టిన గుంజలు పాతితే గుడ్లగూబ వాలుతుంది.

ఇక అసలు చెప్పదలచినది. నల్లమల అంచున అడవిపందులకని చేను చుట్టూ కరెంటు తీగ కట్టేవారున్నారు. పంది ఏదో, బర్రె ఏదో, తెల్లవారుజామున నీరు పెట్టబోయిన ప్రక్క చేను మనిషి ఎవరో, అడవికి పోయి వచ్చే చెంచు బిడ్డ ఎవరో ఆ తీగకు తెలియదు. మన రాష్ట్రములో అట్లా మనుషులు చనిపోయారు. చంపరాదు అన్న ఐదవ ఆజ్ఞ మీద ఆత్మశోధన చేసుకొనేటపుడు ఈ తీగ మనకు గుర్తుకు వస్తున్నదా? ఏడవ ఏట భూమిని బీడు పెట్టి, పేదలు తినగా మిగిలినది అడవి మృగములకు విడువుమని నిర్గమకాండము ఇరువది మూడవ అధ్యాయములో సర్వేశ్వరుడే ఆజ్ఞాపించాడు. ఆయన వాటికి వాటా పెట్టిన చోట మనము తీగ పెట్టాము.

నవంబరు 3 మార్టిన్ గారి పండుగ. వరి కోతలూ ఆ రోజుల్లోనే. మీ చేను చుట్టూ ఆ తీగ ఉంటే, పండుగ దాకా ఆగకండి, ఈ సాయంత్రమే చుట్టి ఇంటికి తెచ్చుకోండి.