చనిపోయినవాడికి పడ్డ బాకీ

చనిపోయినవాడు చేసిన అప్పు గురించి మనకు పట్టింపు ఎక్కువ. కొడుకు తీర్చకపోతే తండ్రికి సద్గతి ఉండదంటాం. చనిపోయినవాడికి లోకం పడ్డ బాకీ సంగతి మాత్రం నేను విన్న ఏ ప్రవచనంలోనూ రాలేదు. విశాఖలో కార్మికుల కేసులు చూసే వకీలుని కాబట్టి ఆ ప్రశ్న నన్ను వదలదు. పనిలో భర్త పోతే భార్యకు వచ్చేది దయా, బాకీయా?

ఉద్యోగం అడిగితే దాని పేరే కారుణ్య నియామకం. అది వారసత్వపు హక్కు కాదని, హఠాత్తుగా వచ్చిపడ్డ కష్టం నుంచి ఇంటిని గట్టెక్కించే మినహాయింపు మాత్రమేనని, ఏళ్లు గడిచి గండం దాటాక అడగడానికి లేదని ఉమేశ్ కుమార్ నాగ్‌పాల్ కేసులో సుప్రీంకోర్టు 1994లో చెప్పింది. సర్కారు కొలువు కోసం ఎదురుచూసే మిగతా పిల్లలూ ఉన్నారు కదా, ఆ తర్కాన్ని నేను కాదనలేను. కానీ ఫైలును ఏళ్లకేళ్లు తొక్కిపెట్టిన ఆఫీసే అప్పీలుకెళ్లి "ఇన్నాళ్లూ బతికారుగా, ఇంకా అవసరమేముంది" అంటే నాకు ఒళ్లు మండుతుంది. ఆ ఇన్నాళ్లూ ఆవిడ నాలుగిళ్లలో అంట్లు తోమింది. బతికి ఉండటమే ఆమె కేసుకు దెబ్బయింది. దయ అని పేరు పెట్టాక ఇచ్చేవాడి తీరికే ముహూర్తం.

పరిహారం దగ్గర చట్టం గొంతు మారుతుంది. నా కేసులన్నీ 2025 దాకా అమల్లో ఉన్న 1923 నాటి పరిహార చట్టం కింద నడిచినవే. నెల జీతంలో సగాన్ని, వయసును బట్టి పట్టికలో ఉన్న అంకెతో హెచ్చవేసేవారు. నలభై ఏళ్లవాడికి అది 184.17. జీతాన్ని 15,000 దాకానే లెక్కలోకి తీసుకోవాలని 2020లో పెట్టారు. ఆ లెక్కన 13,81,275 రూపాయలు. "ప్రాణానికి వెల కట్టడం పాపం కాదుటమ్మా?" అని ఓ పెద్దాయన నన్ను నిలదీశారు. "అది ప్రాణం ఖరీదు కాదండీ, ఆయన తేవలసిన బియ్యం ఖరీదు" అన్నాను. చెమట ఆరకముందే కూలి ఇమ్మని ఇస్లాం, పొద్దు గూకకముందే ఇమ్మని బైబిలు చెప్పాయి. ఆ కూలిని ఎవరూ దానం అనలేదు.

యజమాని అప్పీలుకు వెళ్లాలంటే ముందు ఆ సొమ్మంతా కేసు విచారించే కమిషనర్ దగ్గర జమ చేయాలని అదే చట్టంలో షరతు ఉండేది. డబ్బు ముందు, వాదన తర్వాత. ఎవరు రాశారో గానీ, ధర్మం తెలిసిన చెయ్యి.

ఇంకో సంగతి. మరణ పరిహారాన్ని యజమాని నేరుగా ఇంటివాళ్ల చేతిలో పెడితే చెల్లదు, సంబంధిత అధికారి ద్వారానే రావాలి. అయినా శవం గేటు ముందుండగానే పెద్దమనుషులు రాజీ కుదురుస్తారు. పెద్దకర్మ నాటికి కంపెనీ దయతలిచిందంటూ కాగితాలతో వస్తారు. మీవాళ్లకు అలాంటిది జరిగితే వేలిముద్ర వేయనివ్వకండి, లేబర్ ఆఫీసుకు తీసుకెళ్లండి. క్లెయిము వేయడానికి గడువు మరణించిన రోజు నుంచి రెండేళ్లు.