ఆ రోజు ఎవరిది?

చూస్తున్నది నిజమా, కలా అని దెకార్త్ చలిమంట పక్కన కూర్చుని తీరిగ్గా సందేహించాడు. ఆ తీరిక స్త్రీలకు తక్కువ. మన విషయంలో సందేహించే పని ఇతరులే చేసిపెడతారు.

'1: నేనొక్కడినే' (2014)లో గౌతమ్ జ్ఞాపకాలను భ్రమలన్నారు. జబ్బన్నారే గానీ నడవడి మంచిది కాదనలేదు. లండన్ దాకా వెతుక్కుంటూ పోయాడు, చివరికి అతని మాటే నిజమైంది. చంద్రశేఖర్ ఏలేటి 'అనుకోకుండా ఒక రోజు' (2005)లో సహస్రకు ఆ ఆధారమూ లేదు. మత్తులో ఒక రోజంతా జారిపోయింది. దాన్ని ఇతరుల మాటల్లోంచి ఏరుకోవాలి. ఆ ఇతరుల్లో ఆమెను చంపజూసేవాళ్లూ ఉన్నారు! నాకైతే ఈ సినిమానే ఎక్కువ భయపెట్టింది.

క్రోసూరులో ఈ కథ చెబుతుంటే, మిరపకాయల తొడిమలు తీస్తున్న ఒకామె అడ్డుపడింది: "అసలా పిల్ల పార్టీకెందుకు పోయిందంట?"

చట్టం అడిగిన ప్రశ్నే ఇది. అత్యాచారం కేసులో బాధితురాలి నడవడిని ఎత్తిచూపి ఆమె సాక్ష్యాన్ని కొట్టిపారేయడానికి 1872 నాటి సాక్ష్య చట్టం, 155వ సెక్షన్ వీలిచ్చేది. ఆ నిబంధనను 2003 నాటి 4వ చట్టంతో తీసేశారు. అంటే, సినిమాకు కాస్త ముందే.

పక్కనామె తలెత్తకుండానే అంది: "పోతే ఏందంట? పోయింది పార్టీకే గదా, రోజెట్టా పోయిందో అది చెప్పనీయవే."